మీరావలి గారు ఏడ్చిన పెళ్లి

నేను ఇప్పటిదాకా రాసిన సినిమాలు మూడు. మూడూ కళాకారుల జీవితాలే. ఒకటి హార్మోనియం వాయించిన ఆయనది, ఒకటి హరికథలు చెప్పిన ఆవిడది, ఇంకొకటి గుడి గోడల మీద బొమ్మలు వేసిన ముసలాయనది. మూడింటిలోనూ ఒక సీను ఉంది. కళాకారుడు పని ఆపకుండా, కళ్లు తుడుచుకోకుండా, అందరి ముందూ ఏడుస్తాడు. మొదటి సినిమాలో అది వచ్చినప్పుడు హాలంతా నిశ్శబ్దమైపోయింది. మూడో సినిమాలో వచ్చేసరికి పక్కన కూర్చున్న స్నేహితుడు "వచ్చిందిరా నీ సీను" అని మోచేత్తో పొడిచాడు. నిజానికి ఆ సీను నేను కల్పించింది కాదు. ప్రత్తిపాడులో ఒక పెళ్లిపందిట్లో, చెయ్యి చాస్తే అందేంత దూరంలో నిలబడి చూసింది. ఆ రోజు అది చూడకపోతే నేను మిల్లులో ఉద్యోగం చేసుకుంటూ ఉండిపోయేవాణ్ణి. మిగతా కథలన్నీ దాని చుట్టూ కట్టుకున్నవే.

నాలుగోది ఆ ఏడ్చిన మనిషి గురించే రాశాను. మీరావలి గారు, చిలకలూరిపేట, సన్నాయి. స్క్రిప్టు పూర్తయ్యాక మా డైరెక్టర్ ఒకటే మాట అన్నాడు: "ఆయన బతికే ఉన్నాడు కాబట్టి ఆయనకు చదివి వినిపించు. సరేనంటే తీద్దాం, వద్దంటే వదిలేద్దాం." అందుకని మొన్న మిరపకాయల కాలంలో, చాలా ఏళ్ల తర్వాత, ఆ ఇంటికి వెళ్లాను.

మెకానికల్ ఇంజినీరింగ్ అయిపోగానే చిలకలూరిపేటలో హైవే పక్కన ఒక స్పిన్నింగ్ మిల్లులో మెయింటెనెన్సు ట్రైనీగా చేరాను. ఉండటానికి మీరావలి గారి మేడ మీద గది దొరికింది. బయట నుంచే మెట్లు. కింద ఆయన, ఆయన భార్య జాన్‌బీ గారు. పక్క వాటాలో ఆవిడ తమ్ముడు సుభానీ. మా వైపు గుళ్లో సేవకైనా, పెళ్లికైనా సన్నాయి వాయించేది చాలావరకు ముస్లిం కుటుంబాలే. మీరావలి గారు ధనుర్మాసంలో తెల్లవారుజామున గుళ్లో వాయించి, నమాజు వేళకు ఇంటికి వచ్చేవారు. దాంట్లో వింత ఉందని ఆ వీధిలో ఎవరూ అనుకోగా నేను వినలేదు. సుభానీ డోలు వాయించేవాడు. మిగతా రోజుల్లో రెండెకరాలు కౌలుకు తీసుకుని మిరప వేసేవాడు. అతను డోలు ఎప్పుడు వాయిస్తాడో, చేలో ఎప్పుడుంటాడో ఇంట్లో వాళ్లకు కూడా సరిగా తెలిసేది కాదు. నేను వాళ్లను బాబాయ్ గారనీ పిన్నిగారనీ పిలిచేవాణ్ణి. సుభానీని మాత్రం అందరిలాగే సుభానీ అన్నా అనేవాణ్ణి.

ఆ ఇంటిని ఇప్పుడు తలుచుకుంటే ముందు గుర్తుకొచ్చేది ఏ వస్తువు ఎక్కడ ఉండేదన్నది. నా బుర్ర అట్లా పనిచేస్తుంది. గుమ్మం పక్కన గూట్లో ఆకుపచ్చ గుడ్డ కప్పిన సన్నాయి. దాని పైమేకుకు దారం, దారానికి వేలాడుతూ ఆరుతున్న పీకలు. పీక అంటే సన్నాయి మూతికి బిగించే రెల్లు ముక్క. ఊదేది దాన్నే, పెదాల మధ్య పెట్టుకునేది దాన్నే. తంజావూరు వైపు నుంచి తెప్పించుకుని, చిన్న చాకుతో తన నోటికి సరిపోయేలా చెక్కుకునేవారు. దాని కింద బల్ల మీద ఒక గిన్నెలో నీళ్లు. వసారాలో పిన్నిగారి చాట, రోలు, కిరసనాయిలు స్టవ్వు, తర్వాత వచ్చిన గ్యాసు పొయ్యి. పెరట్లో కరివేపాకు చెట్టు, దాని మీద ఎప్పుడూ పలచగా పేరుకునే దూది నూగు. పక్కనే జిన్నింగు మిల్లు. గాలి అటు నుంచి వీస్తే ఆరేసిన బట్టలకూ, మెట్లకూ, నా అద్దానికీ తెల్లగా నూగు అంటుకునేది. గాలి ఇటు తిరిగితే ఊరి బయట కల్లాల నుంచి ఎండుమిర్చి ఘాటు వచ్చేది. కొత్తవాళ్లు దగ్గేవాళ్లు. ఇంట్లో వాళ్లు దగ్గేవాళ్లు కాదు.

తెల్లవారాక ఆయన గోడ వైపు తిరిగి సాధనకు కూర్చునేవారు. ఒక స్వరం పట్టుకుని అలా నిలబెట్టి, ఇక ఊపిరి అయిపోయిందనుకున్న చోట ఇంకాస్త సాగదీసి, తర్వాత మెల్లగా బిలహరి రాగం మొదలుపెట్టేవారు. నాకు అది అలారం. షిఫ్టుకు వెళ్లేముందు మెట్ల మీద కూర్చుని టీ తాగుతూ వినేవాణ్ణి. మిల్లులో నా పని కూడా వినడమే. మిషను పక్కన నిలబడి, రాడ్డు చెవికి ఆనించి, ఏ బేరింగు అరిగిందో చెప్పాలి.

"ఏం ఇంజినీరూ, మీ మిషన్లు కులాసాయేనా?" అని అడిగేవారు ఆయన.

"ఒక బేరింగు పోయింది బాబాయ్ గారూ."

"విప్పి చూశావా?"

"విప్పకముందే తెలిసింది. చప్పుడు మారింది."

"అయితే నువ్వూ మా మేళంలో వాడివే. రేపటి నుంచి వచ్చి శ్రుతి పెట్టె మొయ్యి."

అట్లా శ్రుతి పెట్టె మోసుకుంటూ సెలవు రోజుల్లో వాళ్లతో పెళ్లిళ్లకు వెళ్లడం అలవాటైంది. పెళ్లికి ముందు రోజు నుంచి ఆయనకు కారం నిషేధం. పెదాలు పగిలితే పీక పలకదు. పిన్నిగారు ఆయనకు వేరే గిన్నెలో పెసరపప్పు, పెరుగన్నం పెట్టేవారు. పక్కనే కూర్చుని గోంగూర పచ్చడి కలుపుకుంటూ సుభానీ ఆటపట్టించేవాడు.

"ఒసే అక్కా, బాలింతకు కూడా ఇంత పత్యం పెట్టరే. మా బావకు ఒక ఉయ్యాల కూడా కట్టించు."

"నువ్వు నోర్మూసుకుని తిను. తిన్నాక చేతులు కడుక్కుని మరీ డోలు ముట్టుకో."

ఉయ్యాల మాట నోటివెంట వచ్చేశాక సుభానీ నాలిక కరుచుకునేవాడు. వాళ్లకు పిల్లలు లేరు. ఆ సంగతి ఆ ఇంట్లో ఎవరూ పైకి అనేవారు కాదు.

ప్రత్తిపాడు పెళ్లి ఫాల్గుణంలో జరిగింది. పెళ్లివారు ఆ ఊళ్లో పెద్ద రైతులు. ఒక్కతే కూతురు. మాఘమాసపు చలి ఇంకా పోలేదు. తెల్లవారుజామున ముహూర్తం. చలికి పీక బిగుసుకుపోతుంది కాబట్టి, పందిట్లో కూర్చునేదాకా పీకలను ఒంటి వెచ్చదనం తగిలేలా జేబులో ఉంచుకోవడం వాళ్ల పద్ధతి. మీరావలి గారు పట్టుపంచె, కండువాతో చొక్కా లేకుండా కూర్చుంటారు, జేబు ఉండదు. అందుకని పీకలు సుభానీ చొక్కా జేబులో ఉండేవి. పిన్నిగారు కూడా పెళ్లికి వచ్చారు, పెళ్లికూతురి తల్లి స్వయంగా పిలిచింది. నేను శ్రుతి పెట్టెతో వెనక నిలబడ్డాను.

నేను చూసింది ఇది. జీలకర్ర బెల్లం అయింది. అయ్యవారు చెయ్యెత్తారు. గట్టిమేళం మొదలైంది. మంగళసూత్రం కట్టేటప్పుడు సన్నాయి ఆగకూడదు, ఏం జరిగినా ఆగకూడదు. మీరావలి గారి కళ్లలోంచి నీళ్లు మొదలయ్యాయి. మొదట ఒక చుక్క, తర్వాత ధారగా. చెంపల మీద నుంచి మీసంలోకి, మీసంలోంచి సన్నాయి మీదికి. ముఖం ఎర్రబడింది. వేళ్లు మాత్రం ఆగలేదు. పక్కన సుభానీ తల బాగా దించుకుని, బావ వంక చూడకుండా డోలు వాయిస్తున్నాడు. పెళ్లికూతురి నాయనమ్మ "పరాయివాడు, ఆయనే ఏడుస్తున్నాడే తల్లీ" అని పెద్దగా ఏడ్చేసింది. దాంతో పందిరంతా కళ్లు తుడుచుకుంది. పెళ్లికూతురి తండ్రి వచ్చి తన మీది శాలువా తీసి ఆయనకు కప్పాడు. పిల్లలు లేని మనిషి, పరాయి ఆడపిల్లను అత్తారింటికి పంపుతూ గుండె చెరువై వాయిస్తున్నాడు అనుకున్నాను. అక్కడున్న అందరూ అదే అనుకున్నారు.

ఆ తర్వాత ఆయన్ను చుట్టుపక్కల ఊళ్లన్నీ పిలిచాయి. ఇటు గుంటూరు, అటు ఒంగోలు, వేటపాలెం. "ఏడుస్తూ వాయించే ఆయన ఉన్నాడంట, ఆయన్నే పెట్టండి" అనేవారు. కొన్నాళ్లకు నేను ఉద్యోగం మానేసి హైదరాబాద్ వెళ్లిపోయాను.

ఇన్నేళ్ల తర్వాత వెళ్లేసరికి జిన్నింగు మిల్లు మూతపడి ఉంది. దాని స్థలంలో ఫంక్షన్ హాలు కట్టారు. మెట్ల మీద నూగు లేదు. కరివేపాకు చెట్టు ఉంది, ఆకులు శుభ్రంగా, కొత్తగా కనిపించాయి, నాకు అది వేరే చెట్టులా అనిపించింది. ఫంక్షన్ హాల్లో ఏదో పెళ్లి జరుగుతోంది. పెన్‌డ్రైవులోంచి సన్నాయి వస్తోంది. ఒకే ముక్క మళ్లీ మళ్లీ తిరుగుతోంది. మీరావలి గారు వసారాలో కుర్చీలో కూర్చుని ఉన్నారు, చేతికర్ర ఒళ్లో పెట్టుకుని. పళ్లు పోయాయి. కట్టుడు పళ్లతో సన్నాయి ఊదడం కుదరదు. గూట్లో ఆకుపచ్చ గుడ్డ అట్లాగే ఉంది, పైన మేకుకు దారమూ పీకలూ లేవు. పిన్నిగారు చాటలో బియ్యం చెరుగుతున్నారు. సుభానీ బాగా లావయ్యాడు.

"రావయ్యా ఇంజినీరూ. సినిమావాళ్లు తిండి పెట్టరా ఏంది, ఇట్టా ఎండిపోయావు?" అన్నాడు సుభానీ.

"నీ వాటా కూడా నువ్వే తింటున్నట్టున్నావు సుభానీ అన్నా."

"చూశావా బావా, హైదరాబాద్ పోయినా నోరు తగ్గలా."

టీ అయ్యాక చదవడం మొదలుపెట్టాను. మీరావలి గారు కళ్లు మూసుకుని విన్నారు. తన చిన్నప్పటి సీన్లకు నవ్వారు. గురువుగారు కొట్టిన సీను దగ్గర "ఇంకా గట్టిగా కొట్టారు, రాసుకో" అన్నారు. పెళ్లి సీను వచ్చింది. దాన్ని నేను చాలా ఇష్టపడి రాసుకున్నాను. పందిట్లో ఆయన, ఎదురుగా ఆడవాళ్లలో ఆయన భార్య, ఇద్దరి చూపులూ కలవడం, తమకు లేని కూతుర్ని తలుచుకుని ఆయన కన్నీరు. చదవడం ఆపేసరికి చాట చప్పుడు లేదు.

పిన్నిగారు చాట పక్కన పెట్టి నా వంక కాదు, ఆయన వంక చూస్తున్నారు.

"నిజమేనా?" అని అడిగారు.

ఆయన కళ్లు తెరిచారు.

"ఆ రోజు పందిట్లో ఆడవాళ్లంతా నా వంకే చూశారు. ఈ గొడ్రాలి మొగుడు ఎట్టా ఏడుస్తున్నాడో చూడు అన్నట్టు చూశారు. ఒక్కరు కూడా నోరు తెరిచి అనలా. నేను తలొంచుకుని కూర్చున్నా. ఇంటికొచ్చాక అడుగుదామనుకున్నా. అడిగితే అవునంటారేమోనని అడగలా. ఇన్నేళ్లూ అడగలా." ఆవిడ గొంతు పెంచలేదు. "ఇప్పుడు సినిమాలో కూడా అందరూ నన్ను చూస్తారు. అందుకే అడుగుతున్నా. పిల్లల్లేరని నలుగురిలో ఏడ్చారా మీరు?"

నాకు ఆ కాగితాలు చేతిలో ఉండటమే కష్టంగా ఉంది. మీరావలి గారు మెల్లగా సుభానీ వైపు తిరిగారు.

"చెప్పరా."

"ఏం చెప్పను బావా?"

"నీ చొక్కా సంగతి చెప్పు."

సుభానీ కుర్చీలోనే ముడుచుకుపోయాడు. అంత లావు మనిషి ఎంత ముడుచుకోగలడో అంతా ముడుచుకున్నాడు. "అక్కా, నువ్వు కొట్టనంటే చెబుతా."

"కొడతా. చెప్పు."

"ఆ ముందు రోజు రాత్రికి మబ్బు పట్టింది గుర్తుందా? కల్లంలో కాయ ఆరబోసి ఉంది. తడిస్తే అయిపోతామని నేనూ కూలోళ్లూ తాలుకాయలు ఏరుకుంటా, పట్టలు కప్పుకుంటా అక్కడే ఉండిపోయాం. అక్కడి నుంచి అక్కడే పెళ్లికి వచ్చా. పైన జుబ్బా వేసుకున్నా గానీ లోపల చొక్కా మార్చలా. ఆ జేబులోనే ఇన్ని ఎర్రకాయలు వేసుకున్నా, అక్కా, రకం చూపిద్దామని. కాయలు తీసేశా. పొడి ఉండిపోయింది. పీకలు దాంట్లోనే వేశా. వెచ్చగా ఉంటాయని లోపలి జేబులో వేశా."

నాకు అర్థమవడానికి కొంచెం సమయం పట్టింది. పిన్నిగారికి వెంటనే అర్థమైంది.

"మిరపకాయా?" అన్నారు.

"పెదాలు కాలిపోయాయి జానూ," అన్నారు మీరావలి గారు. "మొదటి పీక తీసి రెండోది పెట్టా. అదీ అంతే. అన్నీ వాడి జేబులోవేగా. అవతల అయ్యవారు చెయ్యెత్తి ఉన్నారు. ఆపేదెట్టా? కళ్లూ ముక్కూ ఒకటే కారడం. నిజం చెప్పాలంటే ఆ రోజు సగం స్వరాలు పలకనేలా. నా జీవితంలో అంత చెడ్డగా ఎప్పుడూ వాయించలా. దానికే శాలువా కప్పారు."

"మరి నాకెందుకు చెప్పలా?"

"చెబితే నువ్వు వీణ్ణి చంపేదానివి. తెల్లారేసరికి ఊరంతా ఏడుస్తూ వాయించాడంట అని చెప్పుకుంటోంది. పదిమంది పిలుస్తున్నారు. కాదు, మిరపకాయ మంట అని ఎట్టా చెప్పేది? నువ్వు దీన్ని మనసులో పెట్టుకున్నావని నాకు తెలియదు. అల్లా సాక్షిగా తెలియదు."

పిన్నిగారు చాటలో బియ్యం పక్కన గిన్నెలోకి వంచారు. నిదానంగా, ఒక్క గింజ కింద పడకుండా వంచారు. తర్వాత ఖాళీ చాటతో సుభానీ భుజాల మీద, వీపు మీద, తల మీద కొట్టారు. "అక్కా, వచ్చే నెల నాకు అరవై నిండుతాయే" అని అతను చేతులు అడ్డం పెట్టుకున్నాడు. "నిండనీరా, ఇన్నేళ్లు నన్ను..." అంటూనే ఆవిడకు నవ్వు వచ్చింది. నవ్వుతూ కొట్టారు, కొడుతూ కళ్లు తుడుచుకున్నారు, చివరకు నేల మీద కూలబడి కొంగు నోట్లో కుక్కుకుని నవ్వారు. నేనూ నవ్వాను. నా మూడు సినిమాలూ గుర్తొచ్చి ఇంకా నవ్వాను. పందిట్లో సుభానీ తల దించుకుంటే భక్తి అనుకున్నాను. హార్మోనియం వాయించే ఆయనతో, హరికథ చెప్పే ఆవిడతో, బొమ్మలు వేసే ముసలాయనతో అంతంత ఏడుపు ఏడిపించాను. అదంతా ఆ జేబులోంచి వచ్చిందే.

నవ్వు తగ్గాక ఆవిడ మళ్లీ ఆయన వంక చూశారు. ఈసారి అడిగిన తీరు వేరు.

"అయితే మీకు ఆ బాధ లేదా?"

"లేదని ఎట్టా అంటాను," అన్నారు ఆయన. "పెళ్లిపందిట్లో వాయించేదా అది? అక్కడ వాయించడానికి పెళ్లివాళ్ల బాధలున్నాయిగా. మనది పొద్దున్నే వాయించేవాణ్ణి. గోడ వైపు తిరిగి. రోజూ వినేదానివిగా."

ఆవిడ గూట్లోని ఆకుపచ్చ గుడ్డ వంక చూశారు.

"వినేదాన్ని," అన్నారు.

ఆ పొద్దుటి సాధన దాదాపు ఒక సంవత్సరం పాటు నేనూ విన్నాను. మెట్ల మీద కూర్చుని, నూగు పడకుండా టీ గ్లాసు మీద చెయ్యి అడ్డం పెట్టుకుని విన్నాను. ఆ ఇంట్లో ఏ మేకుకు ఏది వేలాడేదో ఇప్పటికీ చెప్పగలను. ఆ గాలి, ఆ ఘాటు, పిన్నిగారి పోపు వాసన, బావి గిలక చప్పుడు అన్నీ తెచ్చుకోగలను. ఆ బిలహరి మాత్రం ఎంత ప్రయత్నించినా నాకు గుర్తు రావడం లేదు. రాగం పేరు గుర్తుంది, ఎక్కడ మొదలయ్యేదో గుర్తుంది. ఆయన వాయించింది గుర్తు లేదు. అప్పట్లో ఫోను జేబులోనే ఉండేది. బేరింగుల చప్పుడు ఎన్నోసార్లు రికార్డు చేశాను. అది రోజూ ఉండేదే కదా అని దీన్ని ఒక్కసారీ చెయ్యలేదు. ఇప్పుడు ఆ మెట్ల మీద ఒక్క పొద్దున కూర్చోగలిగితే చాలు, రాసిన సినిమాలన్నీ వెనక్కి ఇచ్చేస్తాను.

"నిజం రాసుకో ఇంజినీరూ," అన్నారు మీరావలి గారు. "మిరపకాయతో సహా రాసుకో. జనం నవ్వితే నవ్వుతారు. జానూ వంక చూడకుండా ఉంటే నాకు చాలు. నాకు సమ్మతమే."

"పిన్నిగారూ, మీకు?"

"కొట్టే సీను ఉండాలి," అన్నారు ఆవిడ.

"నాకు వద్దు," అన్నాడు సుభానీ.

"నిన్నెవడు అడిగాడు?"

నేను కాగితాలు సంచిలో పెట్టుకున్నాను. అడగనా వద్దా అనుకుంటూనే అడిగాను. "బాబాయ్ గారూ, ఆ పొద్దుటిది ఎట్టా ఉండేది? నోటితో అయినా కాస్త అనండి. రాసుకుంటాను."

"నోటితో ఏం వస్తుందయ్యా, పళ్లు లేనివాడికి," అన్నారు. తర్వాత ఒళ్లోని చేతికర్రను నిలువుగా తిప్పి, దాని తలను గడ్డం దగ్గరికి తెచ్చుకుని, రెండు చేతుల వేళ్లూ కర్ర మీద పరిచారు. కళ్లు మూసుకున్నారు. వేళ్లు కదలడం మొదలైంది. మొదట ఒక వేలు చాలాసేపు ఎత్తి అలాగే ఉంచారు. బుగ్గలు నిండాయి. ఫంక్షన్ హాల్లోంచి పెన్‌డ్రైవు సన్నాయి వస్తూనే ఉంది, ఆయనకు అది వినిపిస్తున్నట్టు లేదు. సుభానీ తొడ మీద చేత్తో మెల్లగా తాళం అందుకున్నాడు. కొంతసేపటికి చెయ్యి ఆపి, "తొందరపడుతున్నావు బావా" అన్నాడు. ఆయన కళ్లు తెరవకుండానే తలూపి వేళ్ల వేగం తగ్గించారు. పిన్నిగారు గోడకు ఆనుకుని, మోకాళ్ల చుట్టూ చేతులు వేసుకుని, గోడ వైపు చూస్తూ కూర్చున్నారు. ఒక చోట ఆవిడ తల కొంచెం ఊగింది. ఆ చోటే సుభానీ "ఆహా" అన్నాడు.

నేను ముందుకు వంగాను. కర్ర మీద వేళ్ల చప్పుడు తప్ప నాకేమీ అందలేదు. వాళ్లు ముగ్గురూ వింటున్నారు. నేను చూస్తూ కూర్చున్నాను.